అమెరికా రాష్ట్రాల్లో ఎత్తయిన చోట్లు ఎక్కాలనుకుంటే ఎక్కడ మొదలుపెట్టాలి

ఫ్లోరిడాలో అన్నిటికంటే ఎత్తయిన చోటు పేరు బ్రిటన్ హిల్. ఎత్తు 345 అడుగులు. కారు ఆపి నాలుగడుగులు వేస్తే రాతిపలక కనిపిస్తుంది, దాని పక్కన నిలబడి ఫొటో దిగితే ఫ్లోరిడా అయిపోయినట్టే. హైదరాబాదులో గచ్చిబౌలి వైపు లేస్తున్న టవర్లలో చాలా వాటి ఎత్తు ఇంతకంటే ఎక్కువ. ఇదే లిస్టు రెండో కొసన అలాస్కాలోని డెనాలి ఉంది, 20,310 అడుగులు, ఎక్కి దిగడానికి రెండు మూడు వారాలు పడుతుంది, వెళ్లినవాళ్లందరూ తిరిగి రారు కూడా. ఈ రెంటి మధ్య ఇంకో 48 ఉన్నాయి.

ఇలా ఒక్కో రాష్ట్రంలో అన్నిటికంటే ఎత్తయిన చోటికి వెళ్లిరావడాన్ని ఇక్కడ హైపాయింటింగ్ అంటారు. కొత్తదేం కాదు, అలాస్కా, హవాయి ఇంకా రాష్ట్రాలు కాకముందే, 1936లో ఒకాయన అప్పటి 48 రాష్ట్రాలూ పూర్తిచేశాడు. నేను డాలస్‌లో ఉద్యోగం చేసుకుంటూ, లాంగ్ వీకెండ్లలో, మా ఆవిడ ఓపికని బట్టి, పన్నెండేళ్లలో 23 చేశాను. వేగం ఏమీ కాదు. కానీ ఏవి పిల్లలతో పోవచ్చు, ఏవి ఇండియా నుంచి వచ్చిన అమ్మానాన్నలతో పోవచ్చు, ఏవి అసలు ముట్టుకోకూడదు అనే విషయంలో మాత్రం కొంత తెలివి వచ్చింది. అదే రాస్తున్నాను.

1. లిస్టు రాసుకోండి, కానీ ఎత్తు ప్రకారం కాదు

అందరూ చేసే తప్పు ఇదే, నేనూ చేశాను. నెబ్రాస్కాలో పనోరమా పాయింట్ ఎత్తు 5,424 అడుగులు. మెయిన్ రాష్ట్రంలో కటాడిన్ 5,267. అంకెలు చూస్తే నెబ్రాస్కాయే కష్టం అనిపిస్తుంది కదా. నిజానికి పనోరమా పాయింట్ అంటే గడ్డిమైదానంలో కాస్త ఉబ్బిన చోటు, దాదాపు రాయి పక్కదాకా కారు పోతుంది. కటాడిన్ అయితే వెయ్యి అడుగుల చిల్లర దగ్గర మొదలుపెట్టి, బండరాళ్ల మీద చేతులూ కాళ్లూ రెండూ వాడుతూ, పోనూ రానూ 8 నుంచి 12 గంటలు.

ఎందుకిలా అంటే, రాకీ పర్వతాలు లక్షల ఏళ్లపాటు అరిగి, ఆ ఇసకా మట్టీ గులకరాళ్లూ నదులు మోసుకొచ్చి తూర్పు వైపు పరిచేశాయి. అందుకే కాన్సస్, నెబ్రాస్కా చూడ్డానికి చాప పరిచినట్టు ఉన్నా, పడమటికి పోయేకొద్దీ మనకి తెలియకుండానే ఎత్తు పెరుగుతూ ఉంటుంది. కాన్సస్ ఆగ్నేయం మూల 700 అడుగుల లోపే ఉంటే, కొలరాడో సరిహద్దు పక్కనున్న మౌంట్ సన్‌ఫ్లవర్ 4,039 అడుగులు. మౌంట్ అన్న మాట నమ్మి హైకింగ్ బూట్లు బిగించుకుని వెళ్తే మీకు దొరికేది పచ్చికబయలు మధ్య ఒక కంచె, రైలు పట్టాల మేకులతో చేసిన ఇనప పొద్దుతిరుగుడు పువ్వు.

కాబట్టి ప్రతి పేరు పక్కన మూడు సంగతులు రాయండి: కారు ఎక్కడిదాకా పోతుంది, అక్కణ్నుంచి నడక పోనూ రానూ ఎన్ని మైళ్లు, ఆ నడకలో ఎన్ని అడుగులు పైకి ఎక్కాలి. ఈ మూడోదాన్ని ఎలివేషన్ గెయిన్ అంటారు. మోకాళ్లకి అర్థమయ్యే లెక్క అదొక్కటే. పదివేల అడుగులు దాటే కొండలకి మాత్రం సముద్రమట్టం లెక్క కూడా కావాలి, దాని గురించి కింద చెప్తాను.

పేర్లు రాసేటప్పుడు పాత పేరూ కొత్త పేరూ రెండూ రాసుకోండి. టెనెసీలో క్లింగ్‌మన్స్ డోమ్ 2024లో కువోహి అయింది, అది అక్కడి చెరోకీ తెగవాళ్ల పాత పేరే. సౌత్ డకోటాలో హార్నీ పీక్ 2016 నుంచి బ్లాక్ ఎల్క్ పీక్. డెనాలిని 2025లో ఫెడరల్ ప్రభుత్వం మళ్లీ మౌంట్ మెకిన్లీ అంది, అలాస్కా వాళ్లు మాత్రం డెనాలి అనే అంటారు. మ్యాపులో ఒక పేరు కొడితే దొరకనిది రెండో పేరుతో దొరుకుతుంది.

2. అది ఎవరి స్థలమో చూసుకోండి

చాలామంది దీన్ని పట్టించుకోరు. ఎత్తయిన చోటంటే నేషనల్ పార్కే అయి ఉంటుందని అనుకుంటాం. ఇల్లినాయిలో ఛార్ల్స్ మౌండ్ (1,235 అడుగులు) ఒక కుటుంబం సొంత పొలం, ఏడాదిలో జూన్, జులై, ఆగస్టు, సెప్టెంబరు నెలల మొదటి వారాంతాల్లోనే జనాన్ని రానిస్తారు. నేను ఇదేమీ చదవకుండా మే నెలలో షికాగోలో పెళ్లికి వెళ్లి, పనిలో పనిగా అని మూడు గంటలు డ్రైవ్ చేసి, మూసిన దారి ముందు నిలబడి వెనక్కి వచ్చాను. తప్పు వాళ్లది కాదు, నాది. వెనక సీట్లో మా బావమరిది ఆ రోజు అన్న మాటలు ఇప్పటికీ పండక్కి పండక్కీ వినిపిస్తుంటాడు.

పనోరమా పాయింట్ కూడా బైసన్లు (అడవిదున్నల్లాంటివి) మేసే సొంత మేతభూమి, గేటు దగ్గర పెట్టెలో చిన్న మొత్తం వేసి వెళ్లాలి, బైసన్లు దగ్గర్లో ఉంటే కారు దిగకూడదు. నార్త్ డకోటా వైట్ బ్యూట్, లూసియానా డ్రిస్కిల్ మౌంటెన్ కూడా సొంత భూములే, యజమానులు మంచితనం కొద్దీ రానిస్తున్నారు. ఒహాయోలో క్యాంప్‌బెల్ హిల్ అయితే ఒక వృత్తివిద్యా స్కూలు ఆవరణలో ఉంది. రోడ్ ఐలాండ్‌లో జెరిమత్ హిల్ 812 అడుగులే అయినా, దారి గొడవ వల్ల ఒకప్పుడు ఏడాదికి కొన్ని రోజులు మాత్రమే పోయే వీలుండేది, అందుకని చాలామందికి అదే ఆఖరి రాష్ట్రంగా మిగిలిపోయేది. ఇప్పుడు మామూలుగా పోవచ్చు.

గేటు ఎలా ఉంటే అలాగే వదలండి, మూసి ఉంటే మూసి, తెరిచి ఉంటే తెరిచి. అక్కడ డ్రోన్ ఎగరేయకండి. ఒక్కరు పిచ్చి పని చేస్తే ఆ రాష్ట్రం అందరికీ మూతపడుతుంది.

3. మొదటి రెండు మూడూ ఇంటికి దగ్గరవి, కారు పోయేవి పెట్టుకోండి

అమ్మానాన్నలు వేసవికి వచ్చారనుకోండి, నయాగరా, న్యూయార్క్ అయిపోయాయి, ఇంకా నాలుగు నెలలున్నాయి, ఇంట్లో కూర్చుని వాళ్లకి విసుగు. ఇవి సరిగ్గా అప్పటి కోసమే.

న్యూజెర్సీ వాళ్లకి ఉన్నదాని పేరే హై పాయింట్, 1,803 అడుగులు, కొన మీద 220 అడుగుల స్తంభం, అక్కణ్నుంచి పెన్సిల్వేనియా, న్యూయార్క్ కూడా కనిపిస్తాయి. అట్లాంటా వాళ్లకి బ్రాస్‌టౌన్ బాల్డ్, 4,784 అడుగులు. పార్కింగ్ నుంచి అర మైలు పైచిలుకు సిమెంటు దారే కానీ బాగా నిటారు, పెద్దవాళ్లుంటే షటిల్ బస్సు నడిచే రోజు చూసుకుని వెళ్లండి. నార్త్ కెరొలినా వాళ్ల మౌంట్ మిచెల్ 6,684 అడుగులు, మిసిసిపీ నదికి తూర్పున ఇంతకంటే ఎత్తు లేదు, అయినా కారు దాదాపు పైదాకా పోతుంది. దాని ఎత్తు కొలిచిన ఎలైషా మిచెల్ అనే ప్రొఫెసరు, ఆ లెక్క మీద వచ్చిన వాదం తేల్చడానికి మళ్లీ కొండెక్కి 1857లో జలపాతం దగ్గర జారిపడి చనిపోయాడు, సమాధి ఆ కొన మీదే ఉంది. 2024 సెప్టెంబరులో హెలీన్ తుఫానుకి ఆ వైపు రోడ్లు బాగా దెబ్బతిన్నాయి, కాబట్టి బయలుదేరే ముందు అక్కడికి పోయే బ్లూ రిడ్జ్ పార్క్‌వే రోడ్డు ఎక్కడిదాకా తెరిచి ఉందో చూసుకోండి.

కువోహి దగ్గర కూడా పార్కింగ్ నుంచి అర మైలే, కానీ ఆ అర మైలు మా నాన్నకి ఐదు చోట్ల కూర్చునేంత ఏటవాలు. డిసెంబరు 1 నుంచి మార్చి 31 దాకా ఆ రోడ్డు మూసేస్తారు. మసాచుసెట్స్ గ్రేలాక్ రోడ్డు కూడా చలికాలం ఉండదు. వీటికి డిసెంబరు సెలవల్లో ప్లాన్ వేయకండి.

న్యూ హ్యాంప్‌షర్‌లో మౌంట్ వాషింగ్టన్ 6,288 అడుగులే. 1861 నుంచి బళ్ల రోడ్డు, 1869 నుంచి పళ్ల చక్రాల రైలు ఉన్నాయి, టికెట్ కొని కూర్చుంటే పైకి తీసుకుపోతారు. అలాగని టీషర్టుతో పోకండి. 1934 ఏప్రిల్ 12న అక్కడ గాలి గంటకు 231 మైళ్ల వేగంతో కొట్టింది, అరవై ఏళ్లకు పైగా అదే ప్రపంచ రికార్డు. జులైలో కూడా కింద చెమటలు, పైన స్వెటరు. అమ్మకి శాలువా, సాక్సు, చెవులకి మఫ్లరు పెట్టండి, చెప్పులతో వస్తానంటే ఒప్పుకోకండి.

కాలిఫోర్నియా వాళ్లకి మాత్రం సారీ. మీ రాష్ట్రపు ఎత్తయిన చోటు మౌంట్ విట్నీ, 14,505 అడుగులు, అలాస్కాని పక్కనపెడితే దేశం మొత్తంలో అదే ఎత్తు, నడక పోనూ రానూ 22 మైళ్లు. మీరు పక్క రాష్ట్రాలతో మొదలుపెట్టాలి, అవీ తేలికేం కాదు.

4. మొదటి అసలైన ఎక్కుడు: టెక్సస్ గ్వాడలూపే పీక్ అయితే ఎలా

నన్ను అడిగేవాళ్లలో ఎక్కువమంది డాలస్, ఆస్టిన్ వాళ్లే కాబట్టి ఇది కాస్త వివరంగా చెప్తాను. ఎత్తు 8,751 అడుగులు. పోనూ రానూ ఎనిమిదిన్నర మైళ్లు, ఎక్కాల్సింది 3,000 అడుగులు. అలిపిరి మెట్లు (3,550) ఆగుతూ అయినా ఎక్కినవాళ్లకి ఒక అంచనా వస్తుంది: దానికంటే ఎత్తు ఎక్కువ, మెట్లు లేవు, పైకప్పు నీడ లేదు, దారిలో మజ్జిగ అమ్మేవాళ్లు లేరు, పైగా దిగడం కూడా మీ కాళ్లతోనే.

డాలస్ నుంచి ఎనిమిది గంటలకు పైనే డ్రైవ్. ఎల్ పాసోకి ఫ్లైట్‌లో వెళ్లి అక్కణ్నుంచి రెండు గంటలు డ్రైవ్ చేయడం నయం. బస న్యూ మెక్సికోలోని కార్ల్స్‌బాడ్ ఊళ్లో, అక్కణ్నుంచి పార్కు ఒక గంట. పార్కులో గ్యాస్ స్టేషన్ లేదు, తినడానికి ఏమీ దొరకదు, ముందు రోజే ట్యాంకు నింపి, పులిహోర కట్టుకుని, ఐస్ పెట్టెలో పెరుగన్నం పెట్టుకుని వెళ్లండి (పెరుగన్నం కారులోనే, దిగొచ్చాక తినడానికి, పైకి మోసుకెళ్లే వస్తువు కాదు). ఒక సంగతి చాలామంది మర్చిపోతారు: పార్కు టెక్సస్‌లోనే ఉన్నా అక్కడ నడిచేది మౌంటెన్ టైమ్, డాలస్ కంటే ఒక గంట వెనక.

నీళ్లు మనిషికి ఒక గ్యాలన్, అంటే 3.8 లీటర్లు. బరువు అనిపిస్తుంది, తగ్గించకండి. ట్రెయిల్ మొత్తంలో చుక్క నీరు దొరకదు. తెల్లారేలోపే నడక మొదలుపెట్టండి, తలకి కట్టుకునే లైటు ఉండాలి. మొదటి మైలున్నర అన్నిటికంటే నిటారు, మలుపులు మలుపులుగా ఎక్కుతూనే ఉంటారు, చాలామంది వెనక్కి తిరిగేది అక్కడే. ఆ ముక్క ఊపిరి చూసుకుంటూ నెమ్మదిగా, పక్కవాడితో మాట్లాడగలిగేంత వేగంతో ఎక్కితే తర్వాత దారి కాస్త నయం, చెట్ల నీడ కూడా కొంచెం తగులుతుంది. ఆఖరి మైలు ముందు ఒక కొన కనిపిస్తుంది, అమ్మయ్య అనుకుంటారు, అది కొన కాదు. అసలుది దాని వెనక ఉంది. పక్కనున్నవాళ్లకి ఈ ముక్క ముందే చెప్పి ఉంచండి, లేకపోతే అక్కడ మీమీద కోప్పడతారు.

పైన 1958లో ఒక విమాన సంస్థ పెట్టించిన ఉక్కు పిరమిడ్ ఉంది. కింద రోడ్డు మీంచి అంత గంభీరంగా కనిపించిన ఎల్ కాపిటాన్ బండ ఇక్కణ్నుంచి మన పాదాల కింద ఉంటుంది, పడమట తెల్లటి ఉప్పు మైదానాలు. మీరు నిలబడ్డ రాయి ఒకప్పుడు సముద్రం అడుగున ఉండేది, దాదాపు 26 కోట్ల ఏళ్ల నాడు స్పాంజీలు, ఆల్గే లాంటివి పేరుకుని కట్టుకున్న దిబ్బ ఇది. రాళ్లలో వాటి గుర్తులు కనిపిస్తాయి, చూడండి, ఫొటో తీయండి, జేబులో వేసుకోకండి. మర్నాడు ఓపికుంటే కార్ల్స్‌బాడ్ గుహలకి వెళ్లండి, ఆ గుహలు తొలిచింది కూడా ఇదే దిబ్బలో, అంటే నిన్న నెత్తి మీద ఎక్కినదాని కడుపులోకి ఇవాళ దిగుతారు. గుహలకి టైమ్ స్లాట్ ముందే బుక్ చేసుకోవాలి.

గాలి గురించి హెచ్చరిక. చలికాలం, వసంతకాలం ఈ కొండ మీద గంటకు 60 మైళ్లు దాటే గాలులు వస్తాయి. నేను మొదటిసారి మార్చిలో వెళ్లి, అంచు వెంట నడిచే చోట మనిషిని నెట్టేస్తుంటే మోకాళ్ల మీద కూర్చుండిపోయి, అర మైలు మిగిలి ఉండగా తిరిగొచ్చేశాను. రెండోసారి అక్టోబరులో హాయిగా అయింది. వేసవి మధ్యాహ్నాలు పిడుగులు. కాబట్టి అక్టోబరు, నవంబరు మంచివి.

దీని తర్వాత సౌత్ డకోటా బ్లాక్ ఎల్క్ పీక్ (7,242 అడుగులు) పెట్టుకోండి, సిల్వన్ లేక్ నుంచి పోనూ రానూ ఏడు మైళ్లు, ట్రెయిల్ మొదట్లో పెట్టెలో ఉచిత పర్మిట్ కాగితం నింపాలి, పైన 1930ల నాటి రాతి కాపలా బురుజు ఉంది. దృశ్యం దృష్ట్యా నేను ఎక్కిన అన్నిటిలో ఇదే బాగుంది, గ్వాడలూపే కంటే తేలిక కూడా.

5. పదివేల అడుగులు దాటాక రూల్స్ మారతాయి

ఇక్కడ ఫిట్‌నెస్ ఒక్కటే సరిపోదు. మారథాన్ పరుగెత్తేవాడికి కూడా తలనొప్పి, వాంతులు రావచ్చు, పక్కనున్న బొజ్జాయనకి ఏమీ కాకపోవచ్చు. కొలరాడో మౌంట్ ఎల్బర్ట్ 14,400 అడుగులు దాటుతుంది, రాకీ పర్వతాల్లో అదే ఎత్తు. తాళ్లు అక్కర్లేదు, దారి స్పష్టంగా ఉంటుంది, కానీ 4,500 అడుగులకు పైగా ఎక్కాలి, అదీ పల్చటి గాలిలో. శుక్రవారం రాత్రి డాలస్ నుంచి దిగి శనివారం పొద్దున్నే ఎక్కడం మొదలుపెట్టకండి. పదివేల అడుగుల మీదున్న లెడ్‌విల్ ఊళ్లో కనీసం రెండు రాత్రులు పడుకోండి, నీళ్లు బాగా తాగండి, బీరు మాత్రం కొండ దిగాకే. జులై, ఆగస్టుల్లో మధ్యాహ్నం పిడుగులు దాదాపు రోజూ ఉంటాయి, చెట్లు ఆగిపోయాక దాక్కునే చోటు లేదు, కాబట్టి తెల్లవారుజాము నాలుగింటికి మొదలుపెట్టి పన్నెండు లోపు కొన దిగిపోయి ఉండాలి. కొనకి చేరినా చేరకపోయినా సరే.

తలనొప్పి మాత్రమే ఉంటే ఆగి చూడండి. వాంతులు, మాట తడబాటు, నడక తూలడం కనిపిస్తే అదేం అలసట కాదు, వెంటనే కిందికి దిగాలి, ఒంటరిగా పంపకండి.

హవాయిలో మౌనా కేయాతో ఇంకో చిక్కు. 13,796 అడుగులకి కారులోనే పోవచ్చు కాబట్టి అందరూ దాన్ని తేలిక లిస్టులో వేస్తారు, కానీ బీచ్ నుంచి రెండు గంటల్లో అంత పైకి చేరడం ఒంటికి పెద్ద దెబ్బ. 9,200 అడుగుల దగ్గర విజిటర్ సెంటర్‌లో కనీసం అరగంట ఆగాలి, అక్కణ్నుంచి ఫోర్ వీల్ డ్రైవ్ బండే పోనిస్తారు. పదమూడేళ్ల లోపు పిల్లలు, గర్భిణులు, గుండె జబ్బు ఉన్నవాళ్లు విజిటర్ సెంటర్ దగ్గరే ఆగిపోవాలి, స్కూబా డైవింగ్ చేసినవాళ్లు 24 గంటలు ఆగాలి. స్థానిక హవాయీలకి అది పవిత్రమైన కొండ, అరిజోనా హంఫ్రీస్ పీక్ హోపీ, నవాహో తెగలవాళ్లకి ఎలాగో అలా. ఏడుకొండల మీద ఎవరో వచ్చి కేకలు వేస్తూ కూల్‌డ్రింక్ డబ్బా పారేస్తే మనకి ఎలా ఉంటుందో అనుకుని నడుచుకోండి, చాలు.

6. పర్మిట్లు

విట్నీకి పర్మిట్ లాటరీ ఫిబ్రవరిలో, ఆ నెలలో అప్లై చేయకపోతే మిగిలిపోయిన తేదీల కోసం వెతుక్కోవాలి. రోజుకి డే హైక్‌కి వందమందినే పంపుతారు. మలం కూడా సంచిలో కట్టి కిందికి తేవాలి, నవ్వకండి, సంచి ఇస్తారు. కటాడిన్‌కి పార్కింగ్ స్లాట్ బుక్ చేసుకోవాలి, లేదంటే తెల్లవారుజామున గేటు దగ్గరే తిప్పి పంపేస్తారు. మిగతా వాటిలో చాలా వాటికి ఏమీ అక్కర్లేదు.

7. కొన్నిటిని వదిలేయండి

వాషింగ్టన్ రాష్ట్రంలో రెయినియర్, ఆరెగన్‌లో హుడ్, వయోమింగ్‌లో గానెట్, మోంటానాలో గ్రానైట్, అలాస్కాలో డెనాలి. ఇవి నడకలు కావు, మంచూ రాతీ పని. రెయినియర్ మీద మంచు కింద దాగున్న పగుళ్లుంటాయి, తాళ్లు కట్టుకుని, బూట్లకి ఇనప ముళ్లు బిగించుకుని, మంచుగొడ్డలి వాడటం నేర్చుకుని, గైడుతో పోవాలి. హుడ్ పోర్ట్‌లాండ్‌లో కిటికీలోంచి కనిపిస్తుంటుంది కాబట్టి దగ్గరే కదా అనిపిస్తుంది, అదే ప్రమాదం. డెనాలికి 60 రోజుల ముందే రిజిస్టర్ చేసుకోవాలి. యూట్యూబ్ చూసి నేర్చుకునే విద్య కాదిది. నా లిస్టులో ఈ ఐదూ లేవు, నా లెక్క 45 దగ్గరే ముగుస్తుంది, దానికి నాకేం చిన్నతనం లేదు.

8. పైకి చేరాక

చాలా చోట్ల కొన మీద రాయిలో గుండ్రటి ఇత్తడి బిళ్ల ఉంటుంది, సర్వే వాళ్లు పెట్టింది, దాని మీద కాలు పెట్టి ఫొటో తీసుకోవడం ఆనవాయితీ. కనెక్టికట్‌లో మాత్రం కొన కోసం వెతకొద్దు, ఫ్రిసెల్ కొండ అసలు కొన మసాచుసెట్స్‌లో ఉంది, కనెక్టికట్‌కి దక్కింది దాని పక్క వాలు మాత్రమే, ట్రెయిల్ పక్కన గుర్తు చూసుకుని అక్కడే ఆగాలి. నేను కొనదాకా పోయి, ఫొటోలు తీసి, దిగొచ్చాక ఇంట్లో తెలుసుకున్నాను, అదృష్టం కొద్దీ నేను పోయిన దారి ఆ గుర్తు మీదుగానే పోతుంది.

కొన్ని చోట్ల డబ్బాలో సంతకాల పుస్తకం ఉంటుంది. రాళ్ల మీద పేర్లు చెక్కకండి, ఆ పుస్తకంలో రాయండి. పెన్ను మీ దగ్గరే ఉంచుకోండి, అక్కడున్నది రాయదు. కాన్సస్ సన్‌ఫ్లవర్ దగ్గర పుస్తకం పోస్టు డబ్బాలాంటి దాంట్లో ఉంటుంది, పేజీలు తిప్పుతుంటే నాకు మూడేళ్ల కింది తేదీతో తెలుగులో "ఇదేనా కొండ?" అని ఒక లైను కనిపించింది, కింద నేను "ఇదే" అని రాసి వచ్చాను.